గోడౌను ముందు క్యూ, వెనక గొంగళి

"నువ్వు డిటెక్టివ్‌వి కాదయ్యా, వట్టి టెక్కువి!" అన్నాడు సర్కిల్ ఇన్‌స్పెక్టర్ కరుణాకరం, బల్ల మీద లాఠీతో ఒక్కటిచ్చి.

"డిటెక్టివ్‌లో టెక్కు తీసేస్తే మిగిలేది ఏంది సార్? ఢీ, ఇవ్వు. అందుకే ఢీకొంటున్నా, ఇవ్వండి అంటున్నా. ఓబులయ్యను ఇవ్వండి," అన్నాడు కాటమరాజు.

ఇన్‌స్పెక్టర్ పేరులో ముందు కరుణ, తరువాత కరం. మనిషిలో మాత్రం కరమే ముందు. కరుణ ఇంకా ఎక్కడినుంచో బదిలీ మీద రావాలి. లాకప్పు చువ్వల వెనక చతికిలబడ్డ ఓబులయ్య చెంప మీద ఆ కరం తాలూకు వేళ్ళు నిన్నటి నుంచి చెక్కు చెదరలేదు.

కాటమరాజు ఒకప్పుడు పోలీసే. జీతం కంటే నోరు పెద్దదై ఉద్యోగం వదిలేసి, మార్కాపురం బజారులో పలకల దుకాణం మీద గదికి 'డిటెక్టివ్' అని బోర్డు తగిలించాడు. ఊరు పలకలది, అడిగితే మాత్రం ఎవరూ పలకరు. ఆ పలకనివాళ్ళను పలికించడమే అతని బతుకుతెరువు.

ఈసారి అతన్ని పిలిచింది చెంచమ్మ. ఆమె స్టేషను వరండా మెట్ల మీద కూర్చుని ఉంది. ఓబులయ్యకు అక్క. పదిహేనేళ్ళ కిందట, యుద్ధం రోజుల్లో, స్టేషను రోడ్డులో రేషను ధాన్యం గోడౌను పట్టపగలు తగలబడింది. లోపల కాలిపోయిన కాపలాదారు వెంకటస్వామి ఆమె మొగుడు. నిప్పెలా పుట్టిందో అప్పుడు ఎవరూ తేల్చలేదు. ఇప్పుడు తేల్చారు. పెట్టింది ఆమె తమ్ముడేనట.

"మొగుణ్ణి ఆ మంట తీసకపాయె. తమ్ముణ్ణి ఈ సినిమా తీసకపోతాంది. నువ్వు అడ్డం పడకపోతే నాకు ఇంకెవరున్నారు రాజన్నా?" అంది, కళ్ళు తుడుచుకోకుండానే.

తేల్చింది నిజంగానే సినిమా. ఆంధ్రప్రదేశ్‌కు రెండేళ్ళు నిండబోతున్నాయి కనుక ఆ పుట్టినరోజుకు మద్రాసు నుంచి సుందరరాజు అనే దర్శకుడు ఒక డాక్యుమెంటరీ తయారు చేస్తున్నాడు. కొత్తగా తీసేది తక్కువ, పాత బొమ్మలు ఏరి అతికేది ఎక్కువ. మూతపడ్డ ఒక స్టూడియో కొట్టులో అతనికి ఒక డబ్బా దొరికింది. యుద్ధకాలంలో వార్తాచిత్రాలవాళ్ళు ఎవరో మార్కాపురం వచ్చి రేషను క్యూను తీసి, తమకు పనికిరాదని పారేసిన ముక్కలు అందులో ఉన్నాయి. బొమ్మలో ఉన్నవాళ్ళ పేర్లు కావాలని సుందరరాజు ఆ డబ్బా పట్టుకుని ఊరికి వచ్చాడు. మొన్న సాయంత్రం టూరింగ్ టాకీసు డేరాలో అందరికీ ఉచితంగా చూపించాడు. "మీవాళ్ళను మీరే గుర్తుపట్టండి," అన్నాడు.

ఊరు గుర్తుపట్టింది. మొదట క్యూలో ఉన్న ఆడవాళ్ళను. ఆ తరువాత, వెనకాల గోడ మలుపు దగ్గర, తల నిండా గొంగళి కప్పుకుని వచ్చి, గోడౌను కిటికీలోకి మండే కొరివి విసిరి మాయమైన ఒక మనిషిని. తీసినవాడు కూడా చూసుకోని మనిషి. మొహం లేదు. వచ్చింది తెర మీద ఎడమ అంచు నుంచి. విసిరింది ఎడమ చేత్తో.

"గోడౌనుకు ఎదురుగా నిలబడితే ఎడమ పక్కన ఏముండేది?" కరుణాకరం వేళ్ళు మడవడం మొదలుపెట్టాడు. "గొర్రెల దొడ్డి. ఎవరిది? ఓబులయ్యది. ఆ సందులోకి పరాయివాడు అడుగుపెడితే కుక్కలు పిక్కలు పీకేవి. ఈ ఊళ్ళో పేరుమోసిన పుర్రచెయ్యి ఎవరిది? ఓబులయ్యది. అన్నం ముద్ద తప్ప అన్నీ ఎడమచేత్తోనే. బావకూ బావమరిదికీ అదే వారం తగువు. ఇంకేం కావాలయ్యా నీకు?"

"గొంగళి కింద మొహం కావాల సార్."

"నువ్వు మొహం వెతుక్కో. నేను మెడ చూసుకుంటా. మేజిస్ట్రేటు గారు గిద్దలూరులో క్యాంపున్నారు. పొద్దుగూకేలోగా వీణ్ణి అక్కడికి పంపిస్తున్నా. ఆ తరువాత కర్నూలు జైలు."

లోపలి నుంచి ఓబులయ్య గొంతు వినబడింది. "అన్నా, ఆ పొద్దు నేను మందను కొండకు తోలకపోయినా. వచ్చేసరికి బావ బూడిదైనాడు. నా గొర్రెలే నాకు సాక్ష్యం."

"గొర్రెలు 'మే' అంటాయి గానీ 'మేమున్నాం' అనవు గదా ఓబులయ్యా," అని నిట్టూర్చి, కాటమరాజు ఇన్‌స్పెక్టర్ వైపు తిరిగాడు. "ఒక్క మాట సార్. డేరాలో 'పుర్రచెయ్యి' అని మొట్టమొదట అరిచింది ఎవరు?"

"కాశీవిశ్వనాథం గారు. ఆ గోడౌను కాంట్రాక్టు అప్పట్లో ఆయనదే. పాపం, నష్టపోయినవాడు. ఆయన కన్ను పడకపోతే ఎవరూ గమనించేవాళ్ళే కాదు."

"కన్ను ముందు పడిందా, నోరు ముందు పడిందా?"

"బయటికి నడు!" అన్నాడు ఇన్‌స్పెక్టర్.

* * *

డేరా తెరలన్నీ దింపేసి ఉన్నాయి. లోపల పగలే చీకటి. ప్రొజెక్టరు పక్కన రేకు డబ్బాల మధ్య సుందరరాజు కూర్చుని, గాజు పలక మీద ఫిల్ము ముక్క పెట్టి కత్తెరతో కోస్తున్నాడు. సన్నగా, తెల్లగా, ఇస్త్రీ చెడని మనిషి. కాటమరాజు చేతిలో చుట్ట చూసి లేచి నిలబడ్డాడు.

"అయ్యా, దయచేసి ఆర్పేయండి! ఇది పాతకాలపు ఫిల్ము. నిప్పురవ్వ తగిలితే డేరాతో సహా పోతాం."

"ఈ చుట్టల దగ్గర ఆ చుట్టలు కాల్చరాదు. అంతే గదా?" కాటమరాజు చుట్టను చెవి మీద పెట్టుకున్నాడు. "మీరు కోస్తానే ఉండండి. కోతలంటే నాకు అలవాటే. నా పనే కోతలు వినడం."

సుందరరాజు నవ్వలేదు. "నేను చెప్పాల్సింది సర్కిల్ గారికి చెప్పేశాను."

"ఏమని చెప్పినారు?"

"ఆ ముక్క డబ్బాలో ఎట్లా దొరికిందో అట్లాగే చూపించానని. సంతకం కూడా పెట్టి ఇచ్చాను. పాత బొమ్మలతో పనిచేసేవాడికి మొదటి నీతి అది. ఉన్నది ఉన్నట్టు చూపించాలి. ముట్టుకోకూడదు."

"ముట్టుకోకుండా అతికేది ఎట్ల?"

"ముందూ వెనకా అతుకుతాం. లోపల మార్చం."

"సరే, ఒకసారి తిప్పండి. నాకూ ఉన్నది ఉన్నట్టు చూడాలనుంది."

సుందరరాజు అయిష్టంగానే రీలు ఎక్కించాడు. ప్రొజెక్టరు గిరగిరమంది. కాటమరాజు బెంచీల వైపు పోలేదు. దర్శకుడి పక్కనే నిలబడి, ఒక కన్ను తెర మీదా, ఒక కన్ను అతని చేతుల మీదా వేశాడు.

తెర మీద ధాన్యం బండ్లు వచ్చాయి. ఎడ్లు కుడివైపుకు నడిచాయి. బస్తాలు మోస్తూ కూలీలు కుడివైపుకు నడిచారు. అప్పుడు సుందరరాజు కుడిచెయ్యి మెల్లగా లేచి లెన్సు మీద వాలింది. వాలిన మరుక్షణం ముక్క మారి క్యూ వచ్చింది. బొమ్మ మసగ్గా ఉంది. చెయ్యి లెన్సును కాస్త తిప్పింది. బొమ్మ తేటపడింది. ఆడవాళ్ళు డబ్బాలూ సంచులూ పట్టుకుని, అందరూ కుడిపైటలతో, ఎండకు కళ్ళు చికిలించుకుంటూ కుడివైపుకు కదులుతున్నారు. వెనక గోడౌను. నడిమధ్య తలుపు. తలుపుకు ఎడమ పక్కన కాటా వేలాడదీసే ఇనుప స్తంభం. అటొక కిటికీ, ఇటొక కిటికీ. ఎడమ అంచు నుంచి గొంగళి వచ్చింది. చెయ్యి లేచింది. కొరివి ఎగిరింది. గొంగళి పోయింది. తరువాతి ముక్కలో ఎవరో ఆఫీసరు ఉపన్యసిస్తుంటే బొమ్మ మళ్ళీ మసకబారింది. సుందరరాజు చెయ్యి మళ్ళీ లెన్సు తిప్పింది.

"ఇంకోసారి," అన్నాడు కాటమరాజు.

రెండోసారి అతను తెర వైపు చూడనే లేదు. బొమ్మ మసకబారడానికి ముందే ఆ చెయ్యి లెన్సు మీదికి పోవడం చూశాడు. మసకబారాక సర్దేవాడు ఆపరేటరు. మసకబారబోతుందని ముందే తెలిసినవాడు ఎవడు?

"ఈ ఒక్క ముక్కకే బొమ్మ ఎందుకు చెదురుతాంది?"

"పాత ఫిల్ము. వంకర పోయి ఉంటుంది." సుందరరాజు అతని వైపు చూడకుండానే రీలు విప్పాడు.

"వంకర పోయింది ఫిల్మో, మాటో!"

"మీరు నన్ను అనుమానిస్తున్నారా? పదిహేనేళ్ళ కిందట నేను కాలేజీలో చదువుకుంటున్నాను. ఈ ఊరి పేరు కూడా నాకు తెలీదు!"

"కొరివి పట్టుకున్నావని అనడం లేదయ్యా. కత్తెర పట్టుకున్నావని అంటున్నా. దేంతో ఎక్కువ కాలుతాదో ఇంకా తేల్లేదు."

దర్శకుడు కత్తెరను డబ్బా చాటున పెట్టేశాడు. కాటమరాజు దాన్ని కూడా గుర్తుపెట్టుకుని బయటపడ్డాడు.

* * *

క్లూ ఎప్పుడూ క్యూలోనే ఉంటుంది; మన వంతు వచ్చేదాకా కనబడదు. కాటమరాజు వంతు రంగనాయకమ్మ దుకాణం ముందు వచ్చింది.

రంగనాయకమ్మది బజారులో ఉప్పూ పప్పూ దుకాణం. మొన్న డేరాలో 'అదిగో నేనే!' అని లేచి నిలబడి, వెనకవాళ్ళ చేత తిట్లు తిని కూర్చున్న మనిషి. క్యూలో మొదట కనబడే, చేతిలో రేకు డబ్బా, పక్కన చొక్కాలేని పిల్లవాడు ఉన్న ఆడమనిషి ఆమే. రెండు రోజులుగా బేరాల కంటే ఆ బొమ్మ గురించే ఎక్కువ మాట్లాడుతోంది.

"ఏమత్తా, సినిమా తారవైనావంట!"

"తార ఏందిరా, తిండిగింజలకు బారు తీరితే తారనైనానా? అయినా చూసినావా, ఆ వయసులో నేను ఎంత బాగుంటి!" రంగనాయకమ్మ త్రాసులో కందిపప్పు పోస్తూ మురిసిపోయింది. "పక్కనుండేది మా నడిపోడు. ఇప్పుడు కంభంలో దుకాణం పెట్టినాడు గదా, వాడే. డబ్బా గూడా మా ఇంట్లోదే. ఆ సొట్ట చూస్తానే నేను పట్టేసినా."

"గొంగళోణ్ణి పట్టలేదా?"

"నన్ను నేను చూసుకోను కండ్లు చాల్లేదు, వాణ్ణెవడు చూసె!"

కాటమరాజు నవ్వబోయి ఆగిపోయాడు. పప్పు పొట్లం కట్టడానికి ఆమె ముందుకు వంగింది. జారిన పైటను ఎగదోసుకుంది. ఎడమ భుజం మీదికి.

"అత్తా, నువ్వు ఎప్పుడన్నా కుడిపైట ఏసినావా?"

రంగనాయకమ్మ పొట్లం కట్టడం ఆపి అతన్ని ఎగాదిగా చూసింది. "నీకేమన్నా ఎండదెబ్బ తగిలిందేంది రాజూ? కుడిపైట మీ అమ్మ ఏస్తాది. మందలుండే మీ ఇండ్లల్లో ఏస్తారు. మా బజారిండ్లల్లో ఎడమపైటే. మా అమ్మా అంతే, మా అవ్వా అంతే. నేను కుడిపైట ఏసింటే మా అత్త వాకిట్లోకి రానిచ్చిండునా?"

"సినిమాలో ఏసుకున్నావు."

"ఆ?"

"ఏసుకున్నావత్తా. నువ్వే గాదు, నీ ఎనకమాల బజారోళ్ళందరూ ఏసుకున్నారు."

రంగనాయకమ్మ నోరు తెరిచింది. తెర మీద తనను తాను చూసి మురిసిన మనిషికి తన పైట ఏ వైపుందో చూసుకునే తీరిక దొరకలేదు. ఆమె ఒక్కతేనా? డేరాలో అయిదారు వందల మంది చూశారు. ఇంకో ఊళ్ళో అయితే మొదటి నిమిషంలోనే 'ఇదేమిటి, అందరి పైటలూ అటెందుకున్నాయి' అని అడిగేవాళ్ళు. ఇక్కడ సగం ఇళ్ళల్లో కుడిపైట, సగం ఇళ్ళల్లో ఎడమపైట. సంతలో రెండూ భుజం భుజం రాసుకుని తిరుగుతాయి. ఏ పైట కనబడినా ఈ కళ్ళకు వింత కాదు. కాటమరాజుకు అయితే అసలే కాదు. అతని తల్లిది కుడిపైట. చెంచమ్మది కుడిపైట. పుట్టినప్పటి నుంచి పట్టుకుని తిరిగిన కొంగు కుడివైపునుంటే, తెర మీద అదే కొంగు కనబడినప్పుడు కన్ను ఎందుకు అడ్డుచెబుతుంది? డిటెక్టివ్ తన కన్నును తానే మనసులో నాలుగు తిట్టాడు.

"అంటే ఏంది రాజూ? అది నేను గాదా?" రంగనాయకమ్మ గొంతులో నిజమైన దిగులు పలికింది.

"నువ్వేనత్తా, నువ్వే. నిన్ను తిరగేసినారు, అంతే."

"తిరగేసేదానికి నేనేమన్నా దోసెనా?" అని ఆమె అరుస్తుండగానే కాటమరాజు స్టేషను రోడ్డెక్కాడు.

* * *

కాలిన గోడౌనులో మిగిలింది పునాది. మొండి గోడలు మోకాలెత్తు. తలుపు నడిమధ్య, కిటికీలు అటొకటి ఇటొకటి. ఎటునుంచి చూసినా ఒకేలా ఉండే కట్టడం. అందుకే ఎవరికీ అనుమానం రాలేదు. రోడ్డు మీద కెమెరా పెట్టి ఉండాల్సిన చోట నిలబడి చూశాడు కాటమరాజు. ఎడమ చేతి వైపు ఓబులయ్య గొర్రెల దొడ్డి ముళ్ళకంప. కుడిచేతి వైపు ఎత్తైన రాతి ప్రహరీ, దానిలో ఒక చిన్న గేటు. కాశీవిశ్వనాథం గారి పెరడు. బొమ్మలో దొడ్డీ కనబడదు, గేటూ కనబడదు. గోడౌను మలుపు దగ్గరే అంచు తెగిపోతుంది.

కుడి ఎడమలను విడదీసేది ఇక్కడ ఒక్కటే ఉండాలి. కాటా స్తంభం. తెర మీద అది తలుపుకు ఎడమ పక్కన ఉంది.

అతను తలుపు గడప దగ్గర గడ్డి పీకడం మొదలుపెట్టాడు. ఎడమ పక్కన నేల చదును. నాపరాళ్ళు కదలకుండా పరిచి ఉన్నాయి. కుడి పక్కకు వచ్చాడు. తంగేడు పొదను కాలితో అదిమాడు. ఠంగుమంది. తుప్పుపట్టిన ఇనుప మొద్దు, రాతిలో సీసం పోసి బిగించింది, జానెడెత్తున కోసుకుపోగా మిగిలింది.

"ఏమోయ్ కాటమరాజూ, కాటా కోసం వెతుకుతాండావా? నీ పేరులోనే ఉంది గదా!"

వెనక గేటు తెరుచుకుని కాశీవిశ్వనాథం నిలబడి ఉన్నాడు. పెద్ద శరీరం, నుదుటన విభూతి, వేళ్ళకు ఉంగరాలు. ఊళ్ళో ఎవరింట్లో ఏం జరిగినా ముందు కుర్చీ ఆయనదే.

"పేరులో కాటా ఉన్నా తూకం తెలీదు గదా విశ్వనాథం గారూ. తెలిసినోళ్ళను అడగాల. ఆ పొద్దు మీరు ఎక్కడున్నారు?"

"పోలీసోళ్ళు అప్పుడే రాసుకున్నారు. జ్వరంతో మంచంలో పడింటి. మా ఇంట్లో ఆడోళ్ళు శ్రీశైలం పోయినారు. నేనొక్కణ్ణే."

"ఈ గేటు?"

"లోపల గడియ ఏసే ఉండె. నేనే ఏసినా. అరుపులు విని నేనే తీసినా. అప్పటికే వెంకటస్వామి..." ఆయన నాలుక చప్పరించాడు. "మంచోడు. కొట్లో గింజ తగ్గితే నా కంటే వాడే ఎక్కువ బాధపడేవాడు."

"గింజ తగ్గేదా?"

కాశీవిశ్వనాథం వేలి ఉంగరం తిప్పుకున్నాడు. "ఎలుకలు," అన్నాడు.

"ఎన్ని కాళ్ళ ఎలుకలు?"

ఇక్కడ ఆగి ఉంటే సరిపోయేది. కానీ కాటమరాజు నోటికి గేటూ లేదు, గడియా లేదు. ఇనుప మొద్దు మీద కాలు పెట్టి, నాటకంలో పద్యం ఎత్తుకునేవాడిలా ఛాతీ విరిచాడు. "విశ్వనాథం గారూ, ఈ స్తంభం మొద్దే గానీ మొద్దబ్బాయి కాదు. నిజం చెప్తాంది. అబద్ధం చెప్పేది సినిమా. తెర మీద ఎడమనుండేది నేల మీద కుడినుంది. అయితే గొంగళి ఎటునుంచి వచ్చినట్టు?"

కాశీవిశ్వనాథం ఆ మొద్దును చూశాడు. తన గేటును చూశాడు. విభూతి కింద నుదురు తడిసింది.

"నీ మాటలు నాకు అర్థం కావు నాయనా," అని లోపలికి పోయాడు. గడియ పడిన చప్పుడు వినిపించింది.

* * *

కాటమరాజు పునాదంతా అడుగులతో కొలుచుకుని, గంట తరువాత డేరాకు తిరిగి వచ్చేసరికి కరుణాకరం అక్కడే ఉన్నాడు. సాక్ష్యం కింద డబ్బాకు సీలు వెయ్యడానికి లక్క కరిగిస్తున్నాడు, డేరా బయట, సుందరరాజు బతిమాలితే. చాలాసేపటి నుంచి కాటమరాజు కోసం కాచుకున్న చెంచమ్మ గుంజకు ఆనుకుని నిలబడి ఉంది.

"సీలు ఆపండి సార్. ముందు ఈయన నోటి సీలు తీయాల," అన్నాడు కాటమరాజు.

"నీకిచ్చిన గడువు అయిపోయింది."

"సార్, మీ సర్కిల్‌లో మీరు తిరగండి గానీ ఒక్కసారి ఆ ముక్కను తిరగనీయండి. సుందరరాజు గారూ, బండ్లు కుడికి పోయినాయి, కూలీలు కుడికి పోయినారు, ఆఖరికి క్యూ గూడా కుడికే పోయింది. అంతా ఒకే దిక్కుకు పోతే కంటికి ఇంపుగా ఉంటాది, అవునా?"

సుందరరాజు డబ్బా మూత సర్దాడు.

"అసలు క్యూ ఎటు పోతాండె?"

"నేను సంతకం పెట్టి..."

"రంగనాయకమ్మకు కుడిపైట ఏసినావు. కాటా స్తంభాన్ని పీకి ఇటునుంచి అటు నాటినావు. ఇంగొకడి చేతిని మార్చినావు. నువ్వు మార్చినాక అది ఈమె తమ్ముడి చెయ్యి అయింది." కాటమరాజు చెంచమ్మను చూపించాడు. ఈసారి గొంతులో వేళాకోళం లేదు. "ఈమెకు చెప్పు, ముట్టుకోలేదని."

చెంచమ్మ సుందరరాజు వైపు అడుగు వేసింది. "నీకు అక్కచెల్లెండ్లు ఉండారా నాయనా?" అంది.

సుందరరాజు డబ్బా పక్కన కూర్చున్నాడు.

"క్యూ ఎడమకు పోతోందండీ," అన్నాడు. "ముందు ముక్కలన్నీ కుడికి పోతున్నాయి. మధ్యలో ఇదొక్కటి ఎదురు పోతే చూసేవాళ్ళకు ఎక్కడో తట్టుకున్నట్టు ఉంటుంది. అందుకని... తిప్పి అతికాను. ఫిల్ముకు బొమ్మ పట్టే మందు పూసిన వైపు వెనక్కి పోతుంది కాబట్టే బొమ్మ మసకబారేది. మేము చేసే పనే ఇది, అందరం చేస్తాం. క్యూ ఎటు పోతే ఎవరికి నష్టం అనుకున్నాను. వెనక మనిషున్నాడని నాకు తెలీదు. తెలిసేసరికి, ఉన్నది ఉన్నట్టు చూపించానని సర్కారుకు రాసి ఇచ్చేశాను. అబద్ధమని తేలితే ఈ సినిమానే కాదు, ఇంకే సినిమా నా చేతికి రాదు."

కరుణాకరం లక్క పుల్ల కింద పడేశాడు. "తిప్పి చూపించు," అన్నాడు.

డేరా లోపల సుందరరాజు అతుకులు రెండూ విప్పాడు. ఆ ముక్కను తిరగేసి ఒక్కదాన్నే ప్రొజెక్టరులోకి ఎక్కించాడు. ఈసారి లెన్సును ముట్టుకునే అవసరం రాలేదు. బొమ్మ మొదటి నుంచీ తేటగా ఉంది.

రంగనాయకమ్మ ఎడమపైటతో వచ్చింది. కాటా స్తంభం తలుపుకు కుడి పక్కకు వచ్చి తన చోట తాను నిలబడింది. కుడి అంచు నుంచి గొంగళి వచ్చింది. కుడి చెయ్యి లేచింది.

"మలుపుకు అవతల ఏముంది సార్?" అన్నాడు కాటమరాజు.

"ప్రహరీ... గేటు." కరుణాకరం నెమ్మదిగా అన్నాడు. "లోపల గడియ వేసి ఉందని ఆయనే వాంగ్మూలం ఇచ్చాడు. ఇంట్లో ఇంకెవరూ లేరని కూడా..."

"ఇంట్లో ఒక్కడే, గడియ ఏసింది తనే, తీసింది తనే. కొట్లో ఉండాల్సిన ధాన్యం కొట్లో లేదు. లేదని తెలిసినోడు వెంకటస్వామి ఒక్కడే. కొట్టూ కాలాల, కాపలావాడూ కాలాల. మొన్న తెర మీద తన చెయ్యి ఎడమచెయ్యిగా కనబడేసరికి ఆయనకు దేవుడు కనబడినట్టే అయింది. అందుకే అందరికంటే ముందు అరిచినాడు."

చెంచమ్మ తెర వైపే చూస్తోంది. తెర మీద ఏమీ లేదు, వట్టి తెలుపు. "నా మొగుని దినానికి బియ్యం ఆయనే పంపినాడు," అంది. "మేం ఆ కూడు తింటిమి."

కరుణాకరం టోపీ తీసి, మళ్ళీ పెట్టుకున్నాడు. మనిషిలో కరుణ బదిలీ మీద వచ్చి రిపోర్టు చేసినట్టుంది. "కాటమరాజూ, పొరపాటు నాదే. పద, కాశీవిశ్వనాథాన్ని ఇంటి దగ్గరే పట్టుకుందాం."

"ముందు ఓబులయ్యను వదిలేయండి సార్. వాళ్ళక్క కండ్ల ముందర."

కరుణాకరం టోపీ మళ్ళీ తీశాడు.

"ఏంది సార్?"

"పంపించేశాను."

"ఎక్కడికి?"

"గిద్దలూరుకే. కాశీవిశ్వనాథం గారు... ఆయన స్టేషనుకు వచ్చాడు, నువ్వు ఇటు వచ్చే ముందు. గిద్దలూరులో పనుంది, సొంత కారులో పోతున్నా, మీ ముద్దాయిని ఎక్కించండి, బస్సులో ఎందుకు తిప్పలు అన్నాడు. పెద్దమనిషి గదా అని..."

కాటమరాజుకు ఇనుప మొద్దు మీద కాలు పెట్టి తను చెప్పిన డైలాగంతా చెవుల్లో మోగింది.

"ఒక్కణ్ణే పంపినారా?" చెంచమ్మ అరిచింది. "నా తమ్ముణ్ణి ఆయన చేతికి ఇచ్చినారా?"

"లేదమ్మా, కానిస్టేబుల్ ఉన్నాడు. పేరు విశ్వాసం. నమ్మకమైనవాడు, తోడు పంపించాను..."

డేరా ముందు జట్కా బండి ఆగిన చప్పుడుకు అందరూ బయటికి వచ్చారు. దానిలోంచి ఖాకీ నిక్కరూ, చేతిలో రెండు సోడా సీసాలూ దిగాయి. వాటితో పాటు కానిస్టేబుల్ విశ్వాసం.

"నువ్వు ఇక్కడేం చేస్తున్నావ్ రా!" కరుణాకరం కేక పెట్టాడు.

"ఊరు దాటినాక అయ్యగారికి దాహమైంది సార్. చెరువు కట్ట దగ్గర కారాపి సోడాలు తెమ్మన్నారు. తెచ్చేసరికి కారు లేదు. మర్చిపోయినారేమోనని చాలాసేపు నిలబడినా. కంభం వైపు దుమ్ము మాత్రం కనబడినాది."

"ముద్దాయికి బేడీలున్నాయి గదా?"

"ఉన్నాయి సార్. తాళంచెవి మాత్రం అయ్యగారు నా దగ్గర తీసుకున్నారు, నేను దిగేటప్పుడు. నా తుపాకీ గూడా కారులోనే ఉండిపోయినాది."

"తాళంచెవి ఆయనకెందుకు?" అన్నాడు కరుణాకరం, అర్థం కాక.

కాటమరాజు అప్పటికే జట్కా ఎక్కి పగ్గాలు అందుకున్నాడు. "పారిపోతాంటే కాల్చినానని చెప్పి కేసు మూసేదానికి సార్," అన్నాడు. "శవం చేతులకు బేడీలుంటే ఎవరు నమ్ముతారు?"